తిత్లీ రాత్రిని తప్పెటగుళ్ళతో తీయాలంటే: సాక్ష్యానికీ ఆటకీ మధ్య గుమ్మం ఎక్కడ?

అడిగిన ప్రశ్న క్లుప్తంగా ఇది. 2018 తిత్లీ తుపాను మీద శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో గంట నిడివి సినిమా తీయాలి. సగం ఆ రాత్రి చూసినవాళ్ళ మాటలు, సగం తప్పెటగుళ్ళ (ఉత్తరాంధ్ర జానపద ఆట) జట్టు ఆ రాత్రిని ఆడి చూపడం. చేతిలో ఆరు లక్షలు, రెండు కెమెరాలు, నలుగురు మనుషులు. నటన కలిపితే జనం నమ్మరేమో, కలపకపోతే ఆ రాత్రి దృశ్యాలే లేవు. ఎలా?

ముందు భయం సంగతి. నటన ఉన్నంత మాత్రాన ఎవరికీ నమ్మకం పోదు. ఆడినదాన్ని జరిగినదిగా చూపించారని తెలిసినప్పుడు పోతుంది. మన కథాకళల్లో ఈ చిక్కు ఎప్పుడో తీరింది. బుర్రకథలో కథకుడు వీరావేశంతో యుద్ధం చెబుతుంటే ఒక వంత హాస్యం పట్టుకుంటాడు, రెండో వంత నేటి రాజకీయం ఎత్తుకుంటాడు. జముకు వాయిద్యంతో సాగే జముకుల కథ చెప్పేవాడు పాత్రలోకి వెళ్తాడు, ఏడుస్తాడు, మరుక్షణం బయటికొచ్చి ముందు కూర్చున్నవాళ్ళను పలకరిస్తాడు. ఊళ్ళో ఎవరూ ఇది నిజమా నటనా అని నిలదీయరు. పాత్రలోకి వెళ్ళే గుమ్మం, బయటికొచ్చే గుమ్మం రెండూ కళ్ళెదుటే ఉంటాయి కాబట్టి. మీ సినిమాలో కూడా ఆ గుమ్మాలు కనబడాలి. కింద చెప్పేవన్నీ అందుకే.

ఆటకి ముందు సాక్ష్యం. ఈ వరస తారుమారు చేయకండి. ఆట చూసిన తరవాత మనిషి జ్ఞాపకం ఆటను పోలి వస్తుంది. సాక్ష్యాలు రికార్డు చేయడానికీ, వాళ్ళు జట్టు ఆట చూడడానికీ మధ్య కనీసం మూడు వారాలుండాలి. సాక్ష్యం ఎవరిది వాళ్ళ దగ్గరే, విడిగా తీసుకోవాలి. నలుగుర్ని ఒక అరుగు మీద కూర్చోబెడితే గట్టిగా మాట్లాడేవాడి మాటే అందరి మాటా అవుతుంది.

మాటల్ని సరిచూసుకోవడానికి ఒక కాలపట్టిక రాసుకోండి. వాతావరణ శాఖ లెక్క ప్రకారం తిత్లీ తీరం దాటింది 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున 4:30, 5:30 మధ్య, పలాస దగ్గర. గాలి గంటకు 140 నుంచి 150 కిలోమీటర్లు, విసురు 165 దాకా. అక్టోబరు రెండో వారంలో ఇక్కడ సూర్యుడు పొడిచేది దాదాపు 5:45కి. అంటే గాలి ముదిరినప్పుడు ఇంకా చీకటే. కరెంటూ లేదు. ఆ గంటలో ఎవరికైనా కళ్ళకు తెలిసింది తక్కువ, చెవులకు తెలిసింది ఎక్కువ. అందుకే "ఏటి జరిగింది?" అని మొదలుపెట్టకండి. ఆ ప్రశ్నకు పేపర్లో చదివింది కూడా కలిపి చెబుతారు. "ముందు ఏటి ఇనబడింది? ఎటేపునుంచి? అప్పుడు మీ చెయ్యి దేనిమీదుంది?" అని అడగండి. రేకు లేచిన చప్పుడు, తలుపు గడియ కొట్టుకున్న చప్పుడు, కొబ్బరి మొవ్వు విరిగిన చప్పుడు ఒక్కొక్కటీ విడివిడిగా వస్తాయి. రైలు ఇంటి మీద నుంచి ఎల్లినట్టుండాది అని ఎవరైనా అన్నారనుకోండి, తప్పెట జట్టుకు ఇంతకంటే మంచి స్క్రిప్టు ఉండదు.

ఇద్దరి మాటలు కలవకపోతే సర్దకండి. తలుపు లోపలికి పడిందని తల్లి, బయటికి పడిందని కొడుకు అంటే రెండూ ఆడించండి. ఈ పద్ధతిలో తీసే సినిమాకు అదే అసలు బలం. మామూలు డాక్యుమెంటరీ ఒకదాన్ని ఎంచుకోక తప్పదు, మీకు ఆ ఇబ్బంది లేదు.

ఉద్దానం ప్రజలకు కెమెరా కొత్త కాదు. కిడ్నీ జబ్బుల మీద ఏళ్ళ తరబడి ఎవరెవరో వచ్చి తీసుకెళ్ళారు. మైకు చూడగానే అలవాటైన నాలుగు మాటలు ఒప్పజెప్పేస్తారు. మొదటి రెండుసార్లు కెమెరా లేకుండా వెళ్ళండి. ప్రశ్నలు అడిగేది ఆ చుట్టుపక్కల మనిషే అయ్యుండాలి. అప్పా, మావా, బావూ అని నోరారా పిలవగలిగినవాళ్ళు అడిగితే వచ్చే జవాబు వేరు, "అమ్మా, మీరు చెప్పండి" అని బస్తీ భాషలో అడిగితే వచ్చే జవాబు వేరు. రెండోదానికి టీవీ తెలుగు వస్తుంది. "యాక్షన్" అన్న మాట సెట్లో వినబడకూడదు. ఆ మాట చెవిన పడగానే నాను, సెప్పినాను అనే మనిషి నేను, చెప్పాను అని సర్దుకుంటుంది, గొంతు సగం పోతుంది. కెమెరా పదిహేను నిమిషాల ముందే నడవనివ్వండి. చేతికి పని ఇవ్వండి, కానీ పని చూసి ఇవ్వండి. కొబ్బరికాయ ఒలిస్తే ప్రతి దెబ్బా మాట మీద పడి ఎడిటింగులో కోత కుదరదు. వల బాగుచేయడం, బియ్యంలో రాళ్ళేరడం, పూలు కట్టడం లాంటి చప్పుడు లేని పనులు నయం. లెన్సు ఎత్తు నులకమంచం మీద కూర్చున్న మనిషి కళ్ళ ఎత్తుకు సమంగా ఉండాలి. నిలబడి తీస్తే పై అధికారి విచారణకు వచ్చినట్టు ఉంటుంది.

తోట కూడా సాక్షే. దాన్ని దగ్గరగా తీయండి. గాలికి ఒరిగి బతికిన కొబ్బరిచెట్టు తరవాత మళ్ళీ వెలుతురు వైపు నిటారుగా లేస్తుంది. కాండం అక్కడ మోచేయిలా వంపు తిరుగుతుంది. వంపు కింద భాగం తుపానుకు ముందుది, పై భాగం ఆ తరవాత పెరిగింది. కొబ్బరి ఏడాదికి పన్నెండు దాకా మట్టలు రాలుస్తుంది, ప్రతి మట్టా కాండం మీద ఒక గాటు వదులుతుంది. వంపు పైన గాట్లు లెక్కపెడితే ఏళ్ళు ఉజ్జాయింపుగా తెలుస్తాయి. 2013 అక్టోబరులో ఫైలిన్ కూడా ఈ తోటల్ని ఒంచింది కాబట్టి ఆ వంపు ఏ తుపానుదో రైతునే అడగండి. ఆయన చేతివేళ్ళు గాట్ల మీద నడుస్తూ ఏళ్ళు లెక్కపెట్టడం, మాక్రో లెన్సుతో, ఒకే షాటు, ఒక నిమిషం. డ్రోన్ మీద పెట్టే రోజు దీనిమీద పెట్టండి. పైనుంచి చూస్తే ఉద్దానం పచ్చగానే ఉంటుంది, పోయినదేమిటో ఆకాశం నుంచి కనబడదు. అయినా డ్రోన్ కావాలంటే 2021 డ్రోన్ నిబంధనలు వర్తిస్తాయి. డిజిటల్ స్కై అనే ప్రభుత్వ వెబ్‌సైటు మ్యాపులో ఆ చోటు ఆకుపచ్చ జోనో కాదో చూసుకుని, 400 అడుగులు దాటకుండా ఎగరేయాలి.

ఇక జట్టు. తప్పెటగుళ్ళలో పదిహేను ఇరవై మంది ఉంటారు, మీ జట్టు పదహారు మంది అనుకుందాం. ఎక్కువ జట్లు గొల్లలవి. రేకు తప్పెట ఛాతీకి కట్టుకుని రెండు చేతులా వాయిస్తూ, కాళ్ళకు గజ్జెలతో, పాడుతూ ఆడతారు. వాన కోసం దేవుణ్ణి వేడుకునే ఆటగా దీనికి పేరు. వాన రమ్మని ఆడే ఆటతో వాన కూల్చిన రాత్రిని ఆడించబోతున్నారు. ఈ మాట గురువుగారితో మొదటిరోజే, ఎదురుగా కూర్చుని, మాట్లాడండి. కొందరికి అది అశుభం అనిపించవచ్చు. ఒప్పుకోకపోతే ఇంకో జట్టును చూసుకోవాలిగానీ బతిమాలి ఒప్పించకూడదు. మనసొప్పక ఆడే ఆట మొదటి షాటులోనే తెలిసిపోతుంది.

రిహార్సలు మూడు రోజులు. మొదటిరోజు కాగితం మీద డైలాగులు ఇవ్వకుండా సాక్ష్యాల ఆడియో వినిపించండి, చెప్పినవాళ్ళ అనుమతితో. రెండోరోజు ఏ చప్పుడుకు ఏ దరువు అన్నది జట్టే తేల్చుకోవాలి. రేకు మీద వేలికొసలతో వాయిస్తే చినుకు, అరచేతులతో ఎడతెరిపి లేకుండా వాయిస్తే పైకప్పు మీద వాన, వాయింపు ఒక్కసారి ఆపేసి గజ్జెలు మాత్రం కదిపితే ఆకుల అలికిడి. ఇంటర్నెట్టులో దొరికే తుపాను శబ్దాలు ఒక్కటి కూడా వాడకండి. గాలి చప్పుడంతా ఈ పదహారు మంది చేతుల్లోంచే రావాలి. మూడోరోజు సాక్షులను పిలవండి. ఈ రోజే మీ సినిమాకు గుండెకాయ. జట్టు ఆడుతుంది, చూస్తున్న మనిషి లేచి "అలాక్కాదు, తలుపు ఇటేపు పడింది, నేను గుంటని (పిల్లని) ఇలా పట్టుకున్నాను" అని తానే పట్టి చూపిస్తుంది. గుమ్మం తెరుచుకునేది అక్కడే. ఒక కెమెరా మొత్తం సేపూ సాక్షి మీద, ఇంకొకటి జట్టు మీద ఉండాలి. కాలర్ మైకు సాక్షికి. మీరు నోరు విప్పకూడదు. ఆమెను మళ్ళీ చేసి చూపమనకూడదు. ఫోకసు పోయినా సరే, అది పోయినట్టే. రెండోసారి చేయించింది నటన, దాన్ని మొదటిదిగా వాడుకుంటే మీరు దాటకూడని గీత దాటేశారు.

మనిషి పోయిన ఇంటి విషయంలో ఇంకా జాగ్రత్త. పోయినవారి పాత్రను ఎవరు ఆడాలో ఇంటివాళ్ళు చెప్పాలి. ఎవరూ ఆడకూడదంటే ఆ చోటు ఖాళీగా వదిలి, చుట్టూ ఆడించండి. ఆడుతుండగా ఎవరికైనా ఊపిరి ఆడకపోయినా, మాట పడిపోయినా కెమెరా ఆపి నీళ్ళిచ్చి కూర్చోబెట్టండి. ఆ కన్నీళ్ళు దొరికాయని సంబరపడే యూనిట్లో పని చేయకండి.

తోట కూలడానికి జట్టులో ఒకరిమీద ఒకరు ఎక్కి నిలబడే విన్యాసం ఉంది. నిలబడ్డ మనుషుల గోపురం దిగిపోవడమే చెట్టు పడడం. దీన్ని నేల మీద ఆరంగుళాల మందాన ఎండుగడ్డి, దానిమీద టార్పాలిన్ పరచి తీయాలి. రెండు అంతస్తులు చాలు. పడడం కాదు, దిగడం తీయండి. సెకనుకు 50 ఫ్రేముల్లో తీసి సగం వేగంతో చూపితే దిగినా పడినట్టే కనబడుతుంది. రోజుకు మూడుసార్లకు మించి వద్దు. మూడోసారికి కింద ఉన్నవాడి భుజాలు చెమటకు జారుతాయి. గడ్డి ఫ్రేములో కనబడితే కనబడనివ్వండి, అదీ గుమ్మమే.

శబ్దం గురించి ఎక్కువ రాస్తున్నాను, ఈ ఆట పాడయ్యేది ఎప్పుడూ అక్కడే. రేకు తప్పెట దెబ్బ ఒక్కసారి ఎగసి పడిపోతుంది, మనిషి గొంతు కంటే 20 డెసిబెల్స్ పైన కొట్టడం మామూలే. మాటలకు సరిపడా గెయిన్ (రికార్డరులో శబ్దాన్ని పెంచే మోతాదు) పెట్టి వదిలేస్తే మొదటి దరువుకే పగులుతుంది. రికార్డరు మీటరు మీద మాటలు సగటున మైనస్ 18 డెసిబెల్స్ దగ్గర ఉంచండి. వాయింపుకు పెట్టే మైకుల్లో అత్యంత గట్టి దెబ్బ మైనస్ 12 దాటకుండా చూడండి. అదే సిగ్నల్‌ను ఇంకో ట్రాకులో 12 డెసిబెల్స్ తగ్గించి రికార్డు చేస్తే భయం ఉండదు. ఎంత గట్టి శబ్దమైనా పట్టే 32 బిట్ ఫ్లోట్ రికార్డరు ఉంది కదా అని ధీమా పడకండి. రికార్డరు పగలదుగానీ దానికి ముందున్న మైకు క్యాప్సూలు, వైర్‌లెస్ ట్రాన్స్‌మిటరు పగులుతాయి. అక్కడ పగిలింది తరవాత ఏ సాఫ్ట్‌వేరూ బాగుచేయదు.

మైకుల అమరిక ఇలా. జట్టుకు ఎదురుగా మూడు మీటర్ల దూరంలో, రెండున్నర మీటర్ల ఎత్తున స్టీరియో జత. గజ్జెలకు వెనకవైపు మీటరున్నర దూరంలో, మోకాలి ఎత్తున ఒకటి. ఆ స్టాండు కాళ్ళ కింద గోనెసంచి నాలుగు మడతలు వేయాలి, లేకపోతే అడుగుల అదురు స్టాండు గుండా మైకులోకి ఎక్కుతుంది. జట్టులో కాలర్ మైకు గురువుగారికి ఒక్కరికే. ఛాతీ మీద తప్పెట ఉంటుంది, నడుముకు మువ్వలు ఉంటాయి, కాబట్టి మైకు నుదుటి దగ్గర తలపాగా మడతలో, ట్రాన్స్‌మిటరు వీపు మీద రెండు భుజపుటెముకల మధ్య నూలు పట్టీతో. చెమట తగలకుండా చిన్న ప్లాస్టిక్ కవర్లో పెట్టి మెడికల్ టేపు చుట్టాలి. సముద్రం కిలోమీటరు లోపుంటే హోరు అన్నిట్లోనూ పడుతుంది. 80 హెర్ట్జ్ దగ్గర లోకట్ (అంతకంటే కింది శబ్దాల కోత), మైకుల మీద బొచ్చు తొడుగు తప్పనిసరి. సముద్రాన్ని విడిగా అయిదు నిమిషాలు, ప్రతి లొకేషన్‌లో ఎవరూ కదలకుండా ఒక నిమిషం నిశ్శబ్దం కూడా రికార్డు చేయండి. శ్లాబు ఇంట్లో షాట్‌గన్ మైకు (దూరం నుంచి ఒక వైపు మాటే పట్టే పొడుగు మైకు) పనికిరాదు, గోడల ప్రతిధ్వనితో గొంతు డబ్బాలోంచి వచ్చినట్టుంటుంది. ముందువైపు శబ్దం ఎక్కువగా పట్టే చిన్న కార్డియాయిడ్ మైకును తలకు రెండడుగుల పైన పట్టుకోండి.

తీర్థంలోనో సంబరంలోనో జట్టు మామూలుగా ఆడేది కూడా తీస్తారు కదా. మైకుసెట్టు వాళ్ళ మిక్సరు నుంచి వైరు తీసుకోవచ్చుగానీ రికార్డరు ఇన్‌పుట్ లైన్‌కు మార్చాలి, మైకులో ఉంచితే గరగరే మిగులుతుంది. గుయ్యిమని కరెంటు హోరు వస్తే మధ్యలో రెండువైపుల వైర్ల కరెంటు సంబంధం తెంచే ఐసోలేషన్ ట్రాన్స్‌ఫార్మరు పెట్టాలి. వాళ్ళ ఎకో ఆ వైరులో కూడా వస్తుంది, అందుకే మీ మైకులు ఎలాగూ ఉండాల్సిందే.

కెమెరా సెట్టింగు: సెకనుకు 25 ఫ్రేములు, షటరు 50లో ఒక వంతు. మన కరెంటు 50 హెర్ట్జ్. 24 ఫ్రేములు, 48లో ఒక వంతు పెడితే వీధిలైట్ల కింద, ట్యూబులైట్ల కింద చారలు పాకుతాయి. 50 ఫ్రేములకు షటరు 100లో ఒక వంతు. రెండు కెమెరాల కలర్ టెంపరేచర్ చేత్తో ఒకే అంకె మీద పెట్టండి, ఆటోలో వద్దు. ఒకదానికొకటి సింక్ చేయడానికి క్లాప్ బోర్డు అవసరం లేదు, గురువుగారి మొదటి దెబ్బ చాలు. ఒక్కటి గుర్తుంచుకోండి. శబ్దం సెకనుకు సుమారు 343 మీటర్లు పోతుంది, అంటే 14 మీటర్ల దూరానికి ఒక ఫ్రేము ఆలస్యం. 40 మీటర్ల అవతల పెట్టిన కెమెరా సొంత ఆడియోతో సింక్ చేస్తే మూడు ఫ్రేములు తేడా వస్తుంది, చెయ్యి పడ్డాక దెబ్బ వినబడుతుంది.

ఎక్కువమంది తప్పు చేసేది క్లోజప్పుల కోసం ఆటను మళ్ళీ మళ్ళీ ఆడించడంలో. తప్పెటగుళ్ళ దరువు మెల్లగా మొదలై పోనుపోను వేగం అందుకుంటుంది, ప్రతిసారీ ఒకేలా అందుకోదు. మొదటి టేకు మధ్యలో మూడో టేకు చేతులు అతికిస్తే ఎక్కడా కలవవు. కలవాలని క్లిక్ ట్రాకు (ఒకే వేగంతో టిక్‌టిక్‌మనే తాళం) చెవిలో పెడితే ఆట చచ్చిపోతుంది. మొత్తం ఆట ఒక్కసారి, రెండు కెమెరాలతో, ఆపకుండా తీయండి. అదే అసలు ట్రాకు. అరగంట విశ్రాంతి తరవాత పాదాలు, వేళ్ళు, గజ్జెలు, చెమట మాత్రం రెండు మూడు నిమిషాల ముక్కలుగా తీసుకుని, ముఖం కనబడని చోట్ల వాడుకోండి. తప్పెట కట్టుకోవడాన్ని మాత్రం తప్పకుండా దగ్గరగా తీయండి. తాడు మెడ మీదుగా వెళ్ళడం, వెనక నుంచి ఇంకొకరు బిగించి ముడి వేయడం, కట్టించుకుంటున్నవాడు ఊపిరి లోపలికి పీల్చి బిగువు చూసుకోవడం. ముడి పడేదాకా అతను తోటకు పోయే మనిషి, పడ్డాక ఆటగాడు. సినిమాలో మొదటి గుమ్మం ఇదే అయితే ప్రేక్షకుడికి ఇంకేమీ చెప్పనక్కర్లేదు.

అబ్బాస్ కియరోస్తమీ 1990లో తీసిన ‘క్లోజప్’లో కోర్టు విచారణను 16 ఎం.ఎం. ఫిల్ము మీద, జరిగినవాటిని ఆ మనుషులతోనే మళ్ళీ ఆడించిన ఘట్టాలను 35 ఎం.ఎం. మీద తీశాడు. చూసేవాడి కంటికి రేణువుల తేడాతోనే గుమ్మం తెలుస్తుంది. డిజిటల్‌లో మీకు అంత సులువు లేదు కాబట్టి కెమెరా ప్రవర్తనను వేరు చేయండి. సాక్ష్యాలన్నీ చేత్తో పట్టుకుని, 35 ఎం.ఎం. లెన్సుతో. ఆటంతా స్టాండు మీద, కదలకుండా, వైడ్‌గా. మూడో రిహార్సలు రోజున రెండూ కలుస్తాయి, కలవనివ్వండి. తెరమీద "ఇది పునఃసృష్టి" అని అక్షరాలు వేయడం నాకు నచ్చదు, మొదటి అయిదు నిమిషాల్లో మీ పద్ధతిని ప్రేక్షకుడికి నేర్పలేకపోయారని ఒప్పుకోవడమే అది. టైటిల్స్‌లో మాత్రం ఎవరు తమ సొంత రాత్రిని చెప్పారో, ఎవరు ఇంకొకరి రాత్రిని ఆడారో విడివిడిగా రాయాలి.

వెలుతురు: తెల్లవారుజామున ఆటకు వాడదగ్గ నీలికాంతి పాతిక నిమిషాలే. రోజుకు ఒక ఘట్టం, అంతే. 4 గంటలకు జట్టు తయారుగా ఉండాలి, టీ, ఉప్మా 3:30కే అందాలి. చీకటి ఘట్టాలకు ఆ రాత్రి ఊళ్ళో నిజంగా ఉన్న దీపాలే వాడండి: బుడ్డి దీపం, ఫోను టార్చి, ఎమర్జెన్సీ లైటు. ఎఫ్ 1.8 లెన్సు ఉంటే సరిపోతుంది. ఇంకాస్త కావాలంటే బ్యాటరీ మీద నడిచే చిన్న ఎల్ఈడీ ప్యానలు గోడకేసి తిప్పి పెట్టండి. జనరేటరు తేవద్దు, సముద్రపు హోరు కంటే అదే గట్టిగా వినబడుతుంది. ఏసీ గదిలోంచి తెచ్చిన కెమెరా సంచి బయట అరగంటపాటు తెరవకుండా ఉంచాలి, లేకపోతే లెన్సు లోపల ఆవిరి పట్టి నీలికాంతి కాస్తా పోతుంది. ఉప్పుగాలికి సాయంత్రం పూట లెన్సు మౌంటు, స్టాండు కీళ్ళు మెత్తటి గుడ్డతో తుడవాలి.

డబ్బు. ఆరు లక్షల్లో మొదట పక్కకు తీయాల్సింది జట్టుది. పదహారు మందికి రోజుకు 1,200 చొప్పున ఏడు రోజులు (మూడు రిహార్సళ్ళు, నాలుగు షూటింగులు) అంటే 1,34,400. రిహార్సలుకు సగం కూలి అని బేరమాడకండి, ఆ రోజులూ వాళ్ళకు పని పోయిన రోజులే. సాక్ష్యం చెప్పినదానికి డబ్బివ్వకూడదు, ఇస్తే మాట మారుతుంది. కానీ పని మానుకుని వచ్చిన రోజు కూలి ఇవ్వాలి, అందరికీ ఒకే అంకె, సంతకంతో. తరవాత విడిగా శబ్దం చూసే మనిషి. నలుగురిలో ఒకరు ఆ పని కూడా చూసుకుంటారు అనుకుంటే పైన రాసినవేవీ జరగవు.

కాగితాలు. 1957 కాపీరైటు చట్టంలో ప్రదర్శకులంటే గాయకులు, నర్తకులు, విన్యాసాలు చేసేవారు అందరూ వస్తారు, వాళ్ళ ప్రదర్శన మీద వాళ్ళకు 50 ఏళ్ళ హక్కుంది. సినిమాలో చేర్చడానికి ఒకసారి రాతపూర్వకంగా ఒప్పుకుంటే ఆ హక్కుల్లో చాలావరకు ఆ సినిమాకు సంబంధించి వదులుకున్నట్టే. అందుకే ఒప్పంద పత్రం తెలుగులో ఉండాలి, జట్టంతా కూర్చున్నాక గట్టిగా చదివి వినిపించాలి, అది కూడా రికార్డు చేయాలి. సినిమాకు వచ్చే డబ్బులో జట్టుకెంత అన్నది అంకెతో రాయండి. మరో చిక్కు: ఇప్పటి జట్లు ఊపు కోసం మధ్యలో సినిమా పాటల వరసలు కలుపుతాయి. అది సినిమాలో ఉంటే హక్కుదారుల అనుమతి కావాలి, ఆరు లక్షల బడ్జెట్టు దానికి చాలదు. షూటింగు ముందే గురువుగారితో మాట్లాడి పాత వరసలే వాడమనండి. పక్కవీధి మైకులో వచ్చే పాట మాటల కింద పడినా అదే గొడవ, ఆ పూట సాక్ష్యం వాయిదా వేయండి.

గొర్రెల్ని ఆటలో నడిపించాలనుకుంటే ముందుగానే జంతు సంక్షేమ బోర్డు అనుమతికి దరఖాస్తు పెట్టాలి. పెట్టకపోతే సెన్సారు దగ్గర ఆగుతారు. గుళ్ళలో తీయడానికి దేవాదాయ శాఖ, శ్రీముఖలింగం, శాలిహుండం లాంటి చోట్ల పురావస్తు శాఖ అనుమతి. పరిహారం జాబితాల్లో అన్యాయం జరిగిందని ఎవరైనా చెబితే ఆ మాట ఉంచండి, కానీ మనిషి పేరు పలికిన చోట చేతిలో కాగితం ఆధారం ఉండాలి, లేకపోతే పేరు తీసేయాలి. కేసు పడితే ఇబ్బంది మీకంటే చెప్పినవాళ్ళకే ఎక్కువ.

ఫుటేజీ లెక్క: 4కెలో సెకనుకు 100 మెగాబిట్లు అంటే గంటకు 45 జీబీ. రెండు కెమెరాలు, రోజుకు రెండున్నర గంటలు, పదహారు రోజులు కలిపితే 80 గంటలు, 3.6 టీబీ. అయిదు టీబీ డ్రైవులు మూడు కొనండి. ఒకటి పనికి, ఒకటి మీ ఇంట్లో, ఒకటి వేరే ఊళ్ళో. కార్డు చెరిపేది రెండు కాపీలు తెరిచి చూసుకున్నాకే. సాక్ష్యాలు రాసుకోవడానికి యాస తెలిసిన మనిషిని పెట్టండి, గంట ఆడియోకు అయిదారు గంటలు పడుతుంది. తెలుగు సబ్‌టైటిల్స్‌లో యాసను సరిచేయకండి. ఎల్లిపోనాది అంటే ఎల్లిపోనాదనే రాయాలి. గుంటూరువాళ్ళకూ తెలంగాణవాళ్ళకూ రెండు నిమిషాల్లో అలవాటవుతుంది.

థియేటరు కాపీ విషయం ఎడిటింగు మొదలెట్టకముందే తేల్చుకోండి. 25 ఫ్రేములవి 24కి సాగదీస్తే వేగం 4 శాతం తగ్గుతుంది, శ్రుతి కూడా దాదాపు ముప్పావు స్వరస్థానం మేర దిగుతుంది. మాటల్లో తెలియదుగానీ తప్పెట దరువులో, గురువుగారి గొంతులో తెలుస్తుంది. 25లోనే డీసీపీ (థియేటరుకు ఇచ్చే డిజిటల్ కాపీ) చేయించి, ఆ థియేటరు సర్వరు తీసుకుంటుందో లేదో ఒక నిమిషం ముక్కతో పరీక్షించుకోండి.

ఫైనల్ చేయకముందు ఊళ్ళో వేయాలి. పాఠశాల గోడకు తెల్లగుడ్డ, ప్రొజెక్టరు, రెండు స్పీకర్లు చాలు. ముందురోజు సాక్షులకు మాత్రం విడిగా, వాళ్ళ ఇంట్లో, ల్యాప్‌టాప్‌లో వాళ్ళ భాగం చూపించండి. తీసేయమంటే తీసేయండి, కారణం అడగకండి. ఊరి ప్రదర్శన నాడు తెర పక్కన ఒక రికార్డరు, జనం మధ్యలో ఒకటి పెట్టి మొదటినుంచి చివరిదాకా నడవనివ్వండి. పిల్లలు ఎక్కడ కబుర్లు మొదలుపెట్టారో అక్కడ ఎడిటింగు సాగింది. ముసలివాళ్ళు ఎక్కడ తెరతో మాట్లాడారో, "కాదు కాదు, నీళ్ళు ముందొచ్చినాయి" అని ఎవరు అరిచారో ఆ టైమ్‌కోడ్ రాసుకోండి. ఆ మనిషి దగ్గరకు మర్నాడు పొద్దున్న మళ్ళీ కెమెరాతో వెళ్ళడానికి ఒక రోజు ఖర్చు ముందే బడ్జెట్లో ఉంచుకోండి.